కెనడా ఫెడరల్ ఎన్నికల్లో మన రైడింగ్ ఫలితం: తరచుగా అడిగే ప్రశ్నలు

ఫెడరల్ ఎన్నికలు వచ్చిన ప్రతిసారీ మన వాట్సాప్ గ్రూపుల్లో అవే సందేహాలు. రాత్రి పదకొండింటికి ఒకరు స్క్రీన్‌షాట్ పెడతారు. పొద్దున్నే ఇంకొకరు వేరే అంకెతో వస్తారు. మధ్యాహ్నానికల్లా గొడవ. నిజానికి ఇద్దరి అంకెలూ సరైనవే అయి ఉండొచ్చు, తీసుకున్న సమయం వేరు, అంతే. మనకు ఇండియా లెక్కింపు అలవాటు కాబట్టి ఇక్కడి పద్ధతి కాస్త తికమక పెడుతుంది. ఉదాహరణలు ఎక్కువగా 2025 ఏప్రిల్ 28 ఎన్నికల నుంచే తీసుకున్నాను. వరసగా చదవక్కర్లేదు, మీ ప్రశ్న దగ్గరికి నేరుగా వెళ్ళిపోండి.

## ఓటింగ్‌కు ముందు

రైడింగ్ అంటే మన లోక్‌సభ నియోజకవర్గమేనా?

అదే. ఒక్కో రైడింగ్ నుంచి ఒక్క ఎంపీ. 2025లో మొత్తం 343 సీట్లు, ప్రభుత్వానికి మ్యాజిక్ ఫిగర్ 172. తేడా అంతా సైజులో ఉంది. ఆంధ్రాలో ఒక లోక్‌సభ స్థానంలో దాదాపు 20 లక్షల జనం ఉంటే, ఇక్కడ సగటు రైడింగ్‌లో 1,08,000 మంది. అంటే మన అసెంబ్లీ నియోజకవర్గంలో సగం కూడా ఉండదు. ప్రిన్స్ ఎడ్వర్డ్ ఐలాండ్ లాంటి చిన్న ప్రావిన్సుకు కూడా 4 సీట్లున్నాయి కాబట్టి అక్కడి రైడింగులు ఇంకా చిన్నవి. అందుకే ఇక్కడ రెండు వేల ఓట్ల తేడాతో గెలిస్తే "అంత తక్కువా" అనుకోకండి. ఇక్కడి లెక్కలో అది బొటాబొటీ గెలుపు కాదు.

ఇల్లు మారలేదు, కానీ మా రైడింగ్ పేరు మారిపోయింది. ఏమైంది?

హద్దులు మార్చారు. పదేళ్ళకోసారి జనాభా లెక్కల తర్వాత ఇలా జరుగుతుంది. 2021 జనాభా లెక్కల ప్రకారం సీట్లు 338 నుంచి 343కి పెరిగాయి: ఆల్బర్టాకు మూడు, బ్రిటిష్ కొలంబియాకు ఒకటి, ఒంటారియోకు ఒకటి. ఒంటారియోకు మొత్తంగా ఒకటి పెరిగినా, టొరంటో సిటీకి మాత్రం ఒకటి తగ్గింది. బ్రాంప్టన్, మిల్టన్ లాంటి పెరుగుతున్న ఊళ్ళలో చాలా వీధులు పాత రైడింగ్ నుంచి కొత్తదానిలోకి వెళ్ళాయి. కాబట్టి "ఇది ఎప్పుడూ ఫలానా పార్టీ సీటే" అని ఎవరైనా అంటే, ఏ హద్దుల సంగతి చెబుతున్నారో అడగండి. 2021లో పడిన ఓట్లను కొత్త హద్దులకు సర్ది చూపించే లెక్కలను ఫెడరల్ ఎన్నికలు నడిపే సంస్థ ఎలక్షన్స్ కెనడా విడిగా ప్రచురించింది. పోల్చాలంటే వాటితో పోల్చాలి.

338 కెనడా సైట్‌లో మా రైడింగ్‌లో ఒక పార్టీకి ఇంత శాతం అని ఉంది. మా ఏరియాలో సర్వే చేశారా?

చేయలేదు. అది అంచనా. దేశవ్యాప్త, ప్రాంతీయ సర్వేలు, పాత ఫలితాలు, స్థానిక జనాభా లెక్కలు కలిపి ఒక మోడల్ ఒక్కో రైడింగ్‌కూ అంకె తీస్తుంది. మొత్తం మీద బాగానే పనిచేస్తుంది, కానీ మీ రైడింగ్‌లో అభ్యర్థికి ఉన్న వ్యక్తిగత పేరు, గుడిలోనూ గురుద్వారాలోనూ తిరిగి చేసిన ప్రచారం లాంటివి దానికి పూర్తిగా అందవు. నా మటుకు నేను దాన్ని రాష్ట్రం మొత్తం గాలి ఎటుందో చూడటానికే వాడతాను. ఒక్క సీటు మీద పందెం కాయడానికి కాదు.

నేను ఇంకా పీఆర్‌లో ఉన్నాను, ఓటు లేదు. ఈ ఫలితంతో నాకేం పని?

ఓటు కెనడా పౌరులకే, అదీ 18 ఏళ్ళు నిండినవాళ్ళకే. కానీ ఎంపీ ఆ రైడింగ్‌లో ఉండే అందరికీ ఎంపీ. స్టూడెంట్ అయినా, వర్క్ పర్మిట్ అయినా, పీఆర్ అయినా ఆఫీసుకు వెళ్ళొచ్చు. అమ్మానాన్నల విజిటర్ వీసా ఆగిపోయిందనో, పీఆర్ కార్డు రాలేదనో మనవాళ్ళు ఎక్కువగా వెళ్ళేది అక్కడికే. వీసా ఇప్పించడం వాళ్ళ చేతిలో ఉండదు గానీ, ఫైల్ ఎక్కడ ఆగిందో ఇమిగ్రేషన్ శాఖను అడిగి చెప్పగలరు. అందుకని గెలిచింది ఎవరో తెలుసుకోవడం పనికొచ్చే విషయమే.

## ఓట్లు లెక్కించే రాత్రి

లెక్కింపు ఎప్పుడు? ఇండియాలోలాగా రోజుల తరబడి ఆగాలా?

ఆగక్కర్లేదు. అదే రాత్రి. ఇండియాలో 2024లో ఏప్రిల్ 19 నుంచి జూన్ 1 దాకా ఏడు విడతల్లో ఓట్లేసి, జూన్ 4న లెక్కపెట్టారు. ఇక్కడ పోలింగ్ ముగియగానే అదే గదిలో పెట్టె తెరుస్తారు. దేశంలో ఆరు టైమ్ జోన్లున్నాయి కాబట్టి ముగింపు సమయాలను సర్దారు. టొరంటోలో రాత్రి 9:30కి, వాంకూవర్‌లో అక్కడి 7 గంటలకు, అంటే టొరంటోలో 10 అయ్యేసరికి. న్యూఫౌండ్లాండ్‌లో అన్నిటికన్నా ముందు, టొరంటోలో సాయంత్రం 7 అయ్యేసరికే ముగుస్తుంది. ఒకప్పుడు తూర్పు ఫలితాలను పడమర వాళ్ళకు చెప్పకూడదని నిషేధం ఉండేది. దాన్ని ఎత్తేశాక 2015 నుంచి అందరూ మొదటి నుంచీ చూస్తున్నారు.

ఈవీఎంలు లేవా? ఒంటారియో ఎన్నికల్లో నేను మెషిన్ చూశానే!

చూసే ఉంటారు. ప్రావిన్సు ఎన్నికలు వేరే సంస్థ నడుపుతుంది, ఒంటారియోలో బ్యాలట్‌ను స్కాన్ చేసే యంత్రాలు వాడుతున్నారు. అందుకే 2025 ఫిబ్రవరి 27న ప్రావిన్సు ఫలితాలు చకచకా వచ్చేశాయి, రెండు నెలల తర్వాత ఫెడరల్ ఫలితాలు నత్తనడక నడిచాయి. ఫెడరల్‌లో అన్నీ కాగితం ఓట్లే, చేత్తో లెక్కే. ఇంకో తికమక కూడా ఇక్కడే పుడుతుంది: ప్రావిన్సు రైడింగ్, ఫెడరల్ రైడింగ్ పేరు ఒకటే ఉన్నా హద్దులు వేరుగా ఉండొచ్చు. ఎంపీపీకి (ప్రావిన్సు సభ సభ్యుడికి) పడిన ఓట్లు చూసి ఎంపీ గెలిచాడని ఫార్వర్డ్ చేసేవాళ్ళు ప్రతిసారీ ఉంటారు.

లెక్కపెట్టేటప్పుడు అసలు ఏం జరుగుతుంది?

స్కూల్ జిమ్‌లోనో, కమ్యూనిటీ సెంటర్‌లోనో పొద్దున్నుంచి కూర్చున్న సిబ్బందే, తలుపులు మూశాక, బల్ల మీద పెట్టె బోర్లిస్తారు. బ్యాలట్ నల్లగా ఉంటుంది, పేర్ల పక్కన తెల్లటి గుండ్రాలు. ఒక్కోటీ మడత విప్పి, పార్టీల ఏజెంట్లకు కనబడేలా పైకెత్తి, పేరు చదివి, కుప్పలుగా పేరుస్తారు. పక్కనున్నవాళ్ళు టాలీ షీటులో గీతలు గీస్తారు. ఏజెంటుకు అభ్యంతరం ఉంటే చెప్పొచ్చు, దాన్ని రాసుకుంటారు. లెక్క తేలాక ఆ పెట్టెకు ఒక ఫారం నింపి, అంకెలను రిటర్నింగ్ ఆఫీసుకు పంపుతారు. టీవీలో మీరు చూసేది ఆ అంకెలనే. పదిహేను గంటలు పనిచేసి అలసిపోయిన మనుషులు, అర్ధరాత్రి, ఫోన్‌లో చెప్పే అంకెలు. ఈ చిత్రం మనసులో ఉంటే తర్వాత జరిగేవి వింతగా అనిపించవు.

"పోల్స్ 150/210" అంటే ఏంటి? మన రౌండ్ల లాంటిదా?

కాదు. రౌండ్ అంటే మన దగ్గర ఒకేసారి కొన్ని బల్లల మీద లెక్కించిన ఈవీఎంల మొత్తం. ఇక్కడ ఒక "పోల్" అంటే ఒక్క పెట్టె, అంటే కొన్ని వీధుల ఓటర్లు. 210లో 150 పెట్టెల లెక్క వచ్చిందని దాని అర్థం. అంతమాత్రాన ఓట్లలో 70 శాతం లెక్కించినట్టు కాదు. ఒక పెట్టెలో వంద ఓట్లుంటే ఇంకో దాంట్లో వెయ్యి ఉండొచ్చు.

90 శాతం పోల్స్ వచ్చాక కూడా లీడ్ తారుమారైంది. ఇదెలా సాధ్యం?

మిగిలిన ఆ పది శాతంలో అడ్వాన్స్ పోల్ పెట్టెలు ఉండి ఉంటాయి. 2025లో ఈస్టర్ సెలవుల్లో నాలుగు రోజులు అడ్వాన్స్ ఓటింగ్ జరిగితే 73 లక్షల మంది ఓటేశారు, మొత్తం పోలైన ఓట్లలో మూడో వంతుకు పైగా. ఆ పెట్టెలు బరువైనవి, లెక్కకు ఎక్కువసేపు పడుతుంది, చాలాచోట్ల ఆలస్యంగా వస్తాయి. పైగా ముందే వెళ్ళి ఓటేసేవాళ్ళు, ఆ రోజే వేసేవాళ్ళు ఒకే రకం ఓటర్లు కారు. కాబట్టి లీడ్ వెయ్యి లోపు ఉండి అడ్వాన్స్ పెట్టెలు ఇంకా రాలేదంటే, స్వీట్లు ఆర్డర్ చేయకండి.

మా రైడింగ్‌లో తెల్లారేదాకా ఎందుకు లెక్కపెట్టారు?

బ్యాలట్ పొడవు వల్ల కావచ్చు. ఎన్నికల విధానం మారాలని పట్టుబట్టే లాంగెస్ట్ బ్యాలట్ కమిటీ అనే బృందం కొన్ని రైడింగులు ఎంచుకుని గుంపుగా నామినేషన్లు వేయిస్తుంది. 2025లో కార్ల్టన్‌లో 91 మంది పోటీ చేశారు, బ్యాలట్ దాదాపు మీటరు పొడవు. 2024 జూన్‌లో టొరంటో-సెయింట్ పాల్స్ ఉప ఎన్నికలో 84 మంది, అక్కడ ఫలితం తేలేసరికి తెల్లవారుజామైంది. ఆ కాగితాన్ని మడత విప్పి, పేరు వెతికి, మళ్ళీ మడవడం ఎంత పనో ఊహించుకోండి.

ఈ విషయంలో మనవాళ్ళే సీనియర్లు. ఫ్లోరైడ్ నీళ్ళ సమస్య మీద 1996లో నల్గొండ లోక్‌సభ స్థానంలో 480 మంది బరిలో నిలిస్తే బ్యాలట్‌ను పుస్తకంలా అచ్చు వేయాల్సి వచ్చింది. 2019లో నిజామాబాద్‌లో 185 మంది, అందులో 178 మంది రైతులు. నల్గొండలో అడిగింది తాగునీరు, నిజామాబాద్‌లో పసుపు బోర్డు. ఇక్కడ అడిగేది ఓటింగ్ సంస్కరణ. పద్ధతి మాత్రం ఒకటే.

2025 ఆగస్టులో బాటిల్ రివర్-క్రోఫుట్ ఉప ఎన్నికకు 214 మంది నిలబడేసరికి ఎలక్షన్స్ కెనడా పేర్లు అచ్చు వేయడమే మానేసి, ఖాళీ గడిలో ఓటరే పేరు రాసే బ్యాలట్ ఇచ్చింది.

పెన్సిల్‌తో ఓటు వేయిస్తారట, ఎవరైనా చెరిపేస్తే?

పెట్టె మూత తీసేది ఏజెంట్ల ముందే, ఒక్కో బ్యాలట్ అందరికీ కనబడుతూనే ఉంటుంది. చెరిపే అవకాశం ఎక్కడుంది? మనసొప్పకపోతే మీ పెన్ను మీరు తీసుకెళ్ళొచ్చు.

టీవీలో మా అభ్యర్థి "ఎన్నికయ్యారు" అని చెప్పేశారు. ఇక అంతేనా?

చెప్పింది చానల్, ఎలక్షన్స్ కెనడా కాదు. చానళ్ళ డెస్కుల్లో ట్రెండ్ చూసి ప్రకటిస్తారు. చాలావరకు సరిపోతుంది. తేడా వందల్లో ఉన్నప్పుడే అసలు టెన్షన్. అధికారిక ఫలితం కోసం ఇంకా కొన్ని రోజులు ఆగాలి.

## తర్వాతి వారం, రీకౌంట్

రాత్రి గెలిచినవాళ్ళు వారం తర్వాత ఓడిపోయారు. రిగ్గింగా?

ఈ ప్రశ్న ఎక్కువగా మిల్టన్ ఈస్ట్-హాల్టన్ హిల్స్ సౌత్ గురించి వచ్చింది, అక్కడ మన తెలుగువాళ్ళూ ఉన్నారు కాబట్టి. రాత్రి లెక్కలో కన్సర్వేటివ్ అభ్యర్థి 298 ఓట్ల ముందంజలో ఉన్నారు. తర్వాత సరిచూసేసరికి లిబరల్ అభ్యర్థి 29 ఓట్లతో ముందుకొచ్చారు. రీకౌంట్‌లో అది 21 అయింది, ఆమే గెలిచారు.

మధ్యలో జరిగిన దాన్ని వాలిడేషన్ అంటారు. ఎన్నిక తర్వాత ఏడు రోజుల్లోపు రిటర్నింగ్ ఆఫీసర్ ప్రతి పెట్టెకూ నింపిన అసలు ఫారాలను తీసి, రాత్రి కంప్యూటర్‌లో ఎక్కిన అంకెలతో పోల్చి, మళ్ళీ కూడతారు. ఇక్కడ బ్యాలట్లను తిరిగి లెక్కపెట్టరు, కాగితం మీది అంకెలనే సరిచూస్తారు. ఫోన్‌లో విన్నది తప్పుగా ఎక్కినా, ఒకరి వరసలో ఇంకొకరి అంకె పడినా ఇక్కడ బయటపడుతుంది. ప్రతి రైడింగ్‌లోనూ చిన్నాచితకా సవరణలు ఉంటాయి. తేడా వేలల్లో ఉంటే ఎవరికీ పట్టదు, అంతే. నన్నడిగితే, తప్పు దొరకడం కన్నా దొరక్కపోవడమే భయపడాల్సిన విషయం.

రీకౌంట్ ఎప్పుడు చేస్తారు?

చెల్లిన ఓట్లలో వెయ్యో వంతు కన్నా తేడా తక్కువైతే అడగకుండానే జరుగుతుంది. 70,000 ఓట్లు పోలైతే 70 కన్నా తక్కువ తేడా ఉండాలన్నమాట. నునావుట్‌లో 2025లో తేడా 41 ఓట్లే అయినా ఆటోమేటిక్ రీకౌంట్ పరిధిలోకి రాలేదు. అక్కడ పోలైందే సుమారు ఎనిమిది వేలు మరి. తేడా అంతకన్నా ఎక్కువున్నా, లెక్కలో పొరపాటు జరిగిందని నాలుగు రోజుల్లోపు జడ్జి ముందు ఆధారంతో చెప్పగలిగితే రీకౌంట్‌కు ఒప్పుకోవచ్చు. విండ్సర్-టెకమ్సే-లేక్‌షోర్‌లో అలాగే జరిగింది. 77 ఓట్ల తేడా 4 ఓట్లకు పడిపోయింది, గెలిచినవాళ్ళు మాత్రం మారలేదు.

రీకౌంట్‌లో ఫలితం నిజంగా మారుతుందా, తంతేనా?

మారుతుంది. న్యూఫౌండ్లాండ్‌లోని టెర్రా నోవా-ది పెనిన్సులాస్‌లో లిబరల్ 12 ఓట్లతో గెలిచారన్నారు. జడ్జి సమక్షంలో లెక్కపెడితే కన్సర్వేటివ్ 12 ఓట్లతో గెలిచారు. అంకె అదే, మనిషి మారారు. రీకౌంట్‌లో వివాదమంతా అనుమానపు బ్యాలట్ల మీదే: గీత గుండ్రం దాటిందా, రెండు చోట్ల గుర్తు పడిందా అని ఒక్కోటీ లాయర్లు వాదిస్తారు.

నా ఓటు చెల్లిందో లేదో ఎలా తెలుస్తుంది? టిక్ పెట్టాను, ఇంటూ గుర్తు పెట్టలేదు.

మీ ఓటు ఏమైందో తెలిసే దారి లేదు, అది రహస్యం. కానీ గుండ్రం లోపల టిక్ పెట్టినా చెల్లుతుంది. అసలు గుర్తే లేకపోయినా, ఇద్దరికి పెట్టినా, గుండ్రం బయట పెట్టినా, మీరెవరో తెలిసేలా సంతకం లాంటిది చేసినా చెల్లదు. నోటా ఇక్కడ లేదు. కావాలని పాడుచేసిన బ్యాలట్లు చెల్లని ఓట్ల లెక్కలోనే కలిసిపోతాయి.

ఒక్క ఓటుతో గెలిచారని విన్నాను. ఫేక్ న్యూసా?

నిజమే. క్యూబెక్‌లోని టెర్బాన్‌లో. రాత్రి లెక్కలో లిబరల్ ముందు, వాలిడేషన్ తర్వాత బ్లాక్ క్యూబెక్వా పార్టీ 44 ఓట్ల ముందు, రీకౌంట్‌లో లిబరల్ ఒకే ఒక్క ఓటుతో గెలుపు. అక్కడితో అయిపోలేదు. బ్లాక్‌కు ఓటేసిన ఒకావిడ పోస్టులో పంపిన బ్యాలట్ తిరిగి ఆమె ఇంటికే వచ్చేసింది. ఎలక్షన్స్ కెనడా ఇచ్చిన కవరు మీదే పోస్టల్ కోడ్ తప్పు. వ్యవహారం కోర్టుకెక్కి సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది.

మన అనకాపల్లిలో 1989 లోక్‌సభ ఎన్నికల్లో కొణతాల రామకృష్ణ 9 ఓట్లతో గెలిచారు, అదీ లక్షల ఓట్లు పోలైన చోట. ఆ ఫలితం గుర్తున్న పెద్దవాళ్ళకు టెర్బాన్ కథ చెబితే అంతగా ఆశ్చర్యపోరు.

ఇద్దరికీ సమానంగా వస్తే చీటీ తీస్తారా?

ఇండియాలో చీటీ తీస్తారు. ఇక్కడ రీకౌంట్ తర్వాత కూడా సమానమైతే ఆ రైడింగ్‌కు మళ్ళీ ఎన్నిక పెడతారు.

## అంకెలు చదివేటప్పుడు

ఆ చిన్న పార్టీ అభ్యర్థికి డిపాజిట్ గల్లంతేనా?

ఇక్కడ డిపాజిట్టే లేదు. ఒకప్పుడు వెయ్యి డాలర్లు కట్టాల్సి వచ్చేది. 2017లో ఆల్బర్టా కోర్టు కొట్టేసింది, తర్వాత చట్టం నుంచి కూడా తీసేశారు. ఇప్పుడు సాధారణంగా వంద మంది ఓటర్ల సంతకాలు తెస్తే చాలు. మన దగ్గర ఆరో వంతు ఓట్లు రాకపోతే పరువు పోతుంది. ఇక్కడ 10 శాతం రాకపోతే డబ్బు పోతుంది: ఆ గీత దాటిన అభ్యర్థులకే ఎన్నికల ఖర్చులో 60 శాతం తిరిగి ఇస్తారు. ఫలితాల్లో 9.8, 10.1 లాంటి అంకెలు చూసి పార్టీ ఆఫీసుల్లో కంగారు పడేది ఇందుకే.

35 శాతం ఓట్లకే ఎలా గెలిచారు?

మనలాగే, అందరికన్నా ఒక్క ఓటు ఎక్కువొస్తే చాలు. 2025లో వాంకూవర్ ఐలాండ్‌లోని నెనైమో-లేడీస్మిత్‌లో మిగతా ఓట్లు లిబరల్, ఎన్‌డీపీ, గ్రీన్ పార్టీల మధ్య చీలడంతో కన్సర్వేటివ్ సుమారు 35 శాతంతో గెలిచారు. ఇదే లెక్క దేశం మొత్తానికీ వర్తిస్తుంది. 2021లో కన్సర్వేటివ్‌లకు 33.7 శాతం ఓట్లతో 119 సీట్లు, లిబరల్స్‌కు 32.6 శాతంతో 160. ఓట్లు ఎన్ని వచ్చాయన్నదే కాదు, ఎక్కడ పడ్డాయన్నది ముఖ్యం.

పార్టీ లీడర్ సొంత రైడింగ్‌లో ఓడిపోతే ఏమవుతుంది?

ఎంపీ పదవి పోతుంది, పార్టీ పదవి దానంతటది పోదు. 2025లో కన్సర్వేటివ్ నేత పియర్ పొలియేవ్ కార్ల్టన్‌లో లిబరల్ అభ్యర్థి బ్రూస్ ఫాంజాయ్ చేతిలో నాలుగు వేలకు పైగా ఓట్లతో ఓడిపోయారు. ఆల్బర్టాలో ఆయన పార్టీ ఎంపీ డేమియన్ క్యూరెక్ తన సీటు ఖాళీ చేసిస్తే, పొలియేవ్ ఆగస్టు 18 ఉప ఎన్నికలో గెలిచి సభకు తిరిగొచ్చారు. ఎన్‌డీపీ నేత జగ్మీత్ సింగ్ బర్నబీ సెంట్రల్‌లో మూడో స్థానంలో నిలిచి నాయకత్వం వదులుకున్నారు. మంత్రులకూ మినహాయింపు లేదు, బ్రాంప్టన్ వెస్ట్‌లో ఆరోగ్య మంత్రి కమల్ ఖేరా ఓడిపోయారు. మార్క్ కార్నీ అయితే ఎంపీ కాకుండానే మార్చిలో ప్రధాని అయ్యి, ఏప్రిల్‌లో నెపీన్‌లో గెలిచారు.

మా వీధి ఎవరికి ఓటేసిందో చూడొచ్చా?

దాదాపుగా. పెట్టెల వారీ ఫలితాలను ఎలక్షన్స్ కెనడా కొన్ని నెలల తర్వాత వెబ్‌సైట్‌లో పెడుతుంది. అడ్వాన్స్ ఓట్లు, పోస్టల్ ఓట్లు మాత్రం వీధుల వారీగా విడిపోవు, కాబట్టి ఒక్క పెట్టె అంకె చూసి పక్కింటివాళ్ళ మీద తీర్మానాలు చేయకండి.

గెలిచాక ఎంపీ పార్టీ మారిపోతే? మన దగ్గరైతే అనర్హత వేటు ఉందిగా!

ఇక్కడ ఫిరాయింపుల చట్టం లేదు. 2025 నవంబరులో క్రిస్ డాంట్రమాంట్, డిసెంబరులో మార్కమ్-యూనియన్‌విల్ ఎంపీ మైఖేల్ మా కన్సర్వేటివ్ నుంచి లిబరల్‌కు వెళ్ళారు. స్పీకర్ దగ్గర ఫిర్యాదులు, ఏళ్ళ తరబడి విచారణలు ఏమీ లేవు. సభలో కుర్చీ మారుతుంది, సీటు వాళ్ళదే. ఎన్నికల రికార్డులో మాత్రం ఆ రైడింగ్ ఫలితం పాత పార్టీ పేరు మీదే ఉంటుంది, పాత పట్టిక పట్టుకుని ఇప్పటి బలాబలాలు లెక్కేస్తే తప్పుతుంది.

మా పాత ఎంపీ ఓడిపోయారు. అమ్మ వీసా ఫైల్ వాళ్ళ ఆఫీసులోనే ఉంది. ఇప్పుడు?

ఫైల్ దానంతటది కొత్త ఎంపీ దగ్గరికి వెళ్తుందని అనుకోవద్దు. వ్యక్తిగత వివరాలు కాబట్టి కొత్త ఆఫీసు మీ సమ్మతి ఫారం మళ్ళీ అడుగుతుంది. దరఖాస్తు నంబరు, యూసీఐ నంబరు (ఇమిగ్రేషన్ శాఖ ఒక్కొక్కరికీ ఇచ్చే గుర్తింపు నంబరు), పాత ఆఫీసుతో నడిచిన ఈమెయిళ్ళు ఒకచోట పెట్టుకుని వెళ్ళండి. కొత్త ఎంపీలకు ఆఫీసు దొరికి, మనుషులు కుదిరేసరికి కొన్ని వారాలు పడుతుంది, ఈలోగా పార్లమెంటు ఈమెయిల్‌కు రాయొచ్చు. మీరు ఏ పార్టీకి ఓటేశారని అక్కడెవరూ అడగరు, మీరూ చెప్పక్కర్లేదు.